పుష్కరం దాటి మోసిన కథ
‘అంకుర్’ తెర వెనుక శ్యామ్ బెనెగల్

(‘అంకుర్’ సినిమా ప్రదర్శన తర్వాత విద్యార్థులు, ఉద్యోగుల సభలో మా ఫిలిం క్లబ్ తరఫున చేసిన ప్రసంగ పాఠం)



సినిమా ఇప్పుడే అయిపోయింది. ఆఖర్న ఆ పిల్లగాడు రాయి విసిరి దొర ఇంటి కిటికీ అద్దం పగలగొట్టినప్పుడు వెనుక వరుసల్లో విద్యార్థులు చప్పట్లు కొట్టిన్రు. ముందు వరుసలో కూర్చున్న పెద్దలు కొట్టలేదు. వాళ్లు కొంచెంసేపు అట్లనే తెర దిక్కు చూసుకుంట ఉన్నరు. ఈ రెండూ మేము గమనించినం. చానా ఏండ్ల సంది ఈ సినిమాను హాస్టళ్లలో, యూనియన్ ఆఫీసుల్లో, ఊర్లల్లో తెల్ల దుప్పటి కట్టి చూపిస్తున్నం. ప్రతి చోటా ఇదే తీరు. చప్పట్లు కొట్టేటోళ్లు వేరు, ఊకుండేటోళ్లు వేరు. ఎందుకట్లనో ఆఖర్న చెప్తం.

ఒక దర్శకుడు సినిమాను ఎట్ల తయారు చేస్తడో చెప్పమని మమ్ముల అడిగిన్రు. మేము సినిమావాళ్లం కాదు. మాలో టీచర్లున్నరు, గుమాస్తాలున్నరు, కరెంటు ఆఫీసు ఉద్యోగి ఒకాయన ఉన్నడు. కెమెరా పట్టుడు మాకు రాదు. చూసి చూసి, చదివి చదివి కొన్ని సంగతులు తెలిసినయి, అంతే. అందుకే దర్శకులందరి గురించి కాకుండ ఒక్క మనిషి గురించి, ఆయన మొదటి సినిమా గురించి మాట్లాడుకుందం. శ్యామ్ బెనెగల్ 2024 డిసెంబర్ 23న పోయిండు. దానికి తొమ్మిది రోజుల ముందే ఆయనకు 90 ఏండ్లు నిండినయి. పోయిన తెల్లారి అందరం “మన హైదరాబాదోడు” అని రాసుకున్నం. ఆ హైదరాబాదుతనం ఆయన సినిమాల్లోకి ఏ దారిన వచ్చిందో మాత్రం ఎక్కువమందిమి రాయలేదు.

బెనెగల్ పుట్టింది సికింద్రాబాద్ తిరుమలగిరిలో, 1934లో. ఇంట్లో మాట్లాడేది కొంకణి. తండ్రి ఫొటోగ్రాఫర్. బువ్వ పెట్టేది కెమెరానే. పన్నెండేండ్ల వయసులో తండ్రి కెమెరాతోనే మొదటి సినిమా తీసిండు. చుట్టూ కంటోన్మెంటు, పరేడ్ మైదానాలు, సిపాయిల కోసం కట్టిన టాకీసు. కంటోన్మెంటు దాటి నాలుగడుగులు పోతే పొలాలు, గడీలు, పటేల్ పట్వారీలు. ఇయ్యాల అక్కడ అపార్టుమెంట్లు తప్ప ఏమీ కనిపించవు గని, ఆ రోజుల్లో నగరమూ పల్లే ఒకదాన్నొకటి ఒరుసుకుంట ఉండేవి. నిజాం పాలన ఆఖరి రోజులు, 1946 నుంచి నడిచిన రైతాంగ పోరాటం, 1948 పోలీసు చర్య, ఇవన్నీ ఆ పిల్లగాడు నిక్కర్ల వయసులో చూసినయే.

తర్వాత కాలేజీ, ఎకనామిక్స్ చదువు. హైదరాబాద్ ఫిలిం సొసైటీ పెట్టినోళ్లలో ఆయన ముందున్నడు. ఈతలో కూడా గట్టోడు. ఈత పోటీల కోసం కలకత్తా పోయి, అక్కడ సత్యజిత్ రే తీసిన ‘పథేర్ పాంచాలీ’ చూసిండు. ఒక్కసారి కాదు, మళ్ల మళ్ల చూసిండు. పోటీలో ఏ పతకం వచ్చిందో మనకు అక్కర లేదు. పేదింటి మనుషుల మీద, వాళ్ల నడక మీద, వాన మీద, రైలు మీద కూడా సినిమా తీయొచ్చని ఆ కుర్రోనికి తెలిసింది అక్కడనే.

ఇగ ‘అంకుర్’ కథ. తన చిన్నతనంలో తన చుట్టుపక్కల జరిగిన ఒక సంగతి ఆధారంగా కాలేజీ రోజుల్లోనే ఈ కథ రాసుకున్నడు. పట్నంలో చదువుకున్న దొర కొడుకు, పొలం చూసుకోమని తండ్రి ఊరికి తోలిండు. ఆ ఇంట్లో పనిచేసే లక్ష్మి, ఆమె మొగడు చెవిటి మూగ కుమ్మరి కిష్టయ్య. కథ అంతే. దాన్ని సినిమా చేద్దామని 12 ఏండ్లకు పైగా నిర్మాత కోసం తిరిగిండు. ఎవ్వరూ ముందుకు రాలేదు. ఎందుకు రాలేదో ఊహించుడు కష్టమేం కాదు. పాటలు లేవు, ఫైటింగులు లేవు, హీరో అనుకున్నోడు పిరికిపంద, హీరోయిన్ పాచి పనిచేసే మనిషి. పైసలు పెట్టేటోనికి దీంట్లో ఏం కనపడతది?

ఈ 12 ఏండ్ల మీద కొంచెం ఆగుదం. ఉద్యోగస్తులకు ఇది పనికొచ్చే ముచ్చట. బెనెగల్ ఊకనే కూర్చోలేదు. 1959లో బొంబాయిలో ఒక యాడ్ ఏజెన్సీలో ప్రకటనలు రాసే నౌకరీలో చేరిండు. సబ్బులూ టూత్ పేస్టులూ అమ్మే చిన్న చిన్న సినిమాలు తీసిండు. ఆయన తీసిన ప్రకటన చిత్రాలు, డాక్యుమెంటరీలు కలిపితే 900 దాటినయంటరు. 1962లో గుజరాతీలో మొదటి డాక్యుమెంటరీ తీసిండు. పూనా ఫిలిం ఇన్‌స్టిట్యూట్‌లో పాఠాలు చెప్పిండు. కడుపు నింపే పని కాలాన్ని తినేస్తదని మనం బాధపడతం. ఆయన ఆ పనినే బడి చేసుకున్నడు. అర నిమిషంలో, నిమిషంలో కథ చెప్పాల్నంటే ఏ షాటు అక్కర, ఏది అక్కర లేదు అనేది వందల సార్లు తేల్చుకోవాలె. ఫిలిం రీలు అడుగుకు ఇంత అని లెక్క ఉన్న రోజులు. చేతిలో పైసలు లేనోడు మొదలు కాయితం మీద సినిమా తీస్తడు, ఆ తర్వాతనే కెమెరా దగ్గరికి పోతడు.

అంతకన్న ముఖ్యం, తన మనుషులు దొరికింది ఆ నౌకరీలోనే. కెమెరామన్ గోవింద్ నిహలానీ, సంగీతం చేసిన వనరాజ్ భాటియా, ఇద్దరూ ఆ ప్రకటనల రోజుల సంబంధాలే. నిహలానీ అంతకు ముందు వి.కె. మూర్తి దగ్గర సహాయకుడు. భాటియా లండన్, పారిస్‌లలో పాశ్చాత్య సంగీతం నేర్చుకొని వచ్చినోడు. అంత చదువుకున్న సంగీతకారుడు ‘అంకుర్’లో చానా చోట్ల చప్పుడు చేయకుండ ఊకున్నడు, గమనించిన్రా? లక్ష్మి వంటింట్లో ఒక్కతే ఉన్నప్పుడు మనకు వినిపించేది గిన్నెల చప్పుడే.

ఆఖరికి పైసలిచ్చింది సినిమా నిర్మాతలు కాదు. టాకీసుల్లో ఆటకు ముందు వేసే ప్రకటన చిత్రాలను పంపిణీ చేసే బ్లేజ్ కంపెనీ వాళ్లు. పన్నెండేండ్లు తలుపులన్నీ కొట్టినంక తెరుచుకున్నది ఆయన రోజూ పనిచేసే ఇంటి తలుపే. పైసల దగ్గర బెనెగల్‌ది మొదటి నుంచీ వేరే దారి. 1976లో ‘మంథన్’ తీసేటప్పుడు గుజరాత్‌లో 5 లక్షల మంది పాల రైతులు మనిషికి 2 రూపాయలు ఇచ్చిన్రు. సినిమా విడుదలైనంక తాము తీసిన సినిమా తామే చూడాలని బండ్ల మీద వచ్చిన్రు. మన పోచంపల్లి నేతగాళ్ల మీద 1987లో వచ్చిన ‘సుస్మన్’కు చేనేత సహకార సంఘాలు తోడు నిలిచినయి. పైసలు ఎవరివో చూస్తే సినిమా ఎవరికి జవాబు చెప్పుకుంటదో తెలుస్తదని మేము అనుకుంటం. అయితే ఇది మా మాట, బెనెగల్ మాట కాదు.

ఇప్పుడు లక్ష్మి దగ్గరికి వద్దం. ఆ పాత్ర పేరున్న హీరోయిన్లకు పోయి, వాళ్లు ఒద్దన్నంక ఒక కొత్త పిల్లకు వచ్చింది. షబానా ఆజ్మీ అప్పటికి పూనాలో నటన నేర్చుకొని కొత్తగ బయటికొచ్చింది. ‘అంకుర్’ ఆమె మొదటి సినిమా. పుట్టింది హైదరాబాద్‌లోనే గని పెరిగింది బొంబాయిలో. ఊరి ఆడామె చేసే పనుల్లో ఆమెకు రాని పని ఒకటున్నది. గొంతుక్కూర్చునుడు. మన తల్లులు పొయ్యి ముందట, కల్లం కాడ, బోళ్లు తోమేకాడ కూర్చుంటరు గదా, మడిమలు నేలకు ఆనించి, గట్ల. ఆమెకు కాళ్లు నిలువలేదు.

మామూలుగ అయితే దర్శకుడేం చేస్తడు? ఆ షాటును మార్చేస్తడు, లేకుంటే పీట వేసి కెమెరాకు కనపడకుండ మలుపుతడు. బెనెగల్ అట్ల చేయలేదు. నువ్వు మాతోటి బల్ల మీద కూర్చొని తినుడు బంద్, రోజూ ఆ కూర్చునుడులోనే తిను అని చెప్పిండట. యూనిట్ అంతా కుర్చీల్లో, హీరోయిన్ మాత్రం కింద. ఇట్ల కొన్ని రోజులు నడిచింది. ఒకనాడు షూటింగు చూడటానికి కాలేజీ పిల్లలు వచ్చి హీరోయిన్ ఏదీ అని ఆమెనే అడిగిన్రు. ఆమె ఆ చీరలో, ఆ కూర్చునుడులో ఉండి, హీరోయిన్ లేదు, నేను పనిమనిషిని అన్నది. వాళ్లు నమ్మి పోయిన్రు. ఆ సంగతి చూసినంక బెనెగల్, ఇగ నువ్వు బల్ల మీద కూర్చొని తినొచ్చు అన్నడట. షబానా ఈ కథ చానా సార్లు చెప్పింది.

ఈ ముచ్చట చెప్పినప్పుడల్లా నవ్వుతరు. మేమూ నవ్వినం. ఒకసారి మా చెల్లె ఒకామె, వ్యవసాయ కూలి బిడ్డ, హాస్టల్ విద్యార్థిని, లేచి అడిగింది: అందరూ బల్ల మీద తింటుంటే ఒక్కతి కింద కూర్చుంటే ఎట్లుంటదో ఆమెకు ఆ నాలుగు రోజుల్లో తెలిసి ఉంటది గదా, దర్శకుడు నేర్పిందల్లా కూర్చునుడు ఒక్కటే అనుకుంటున్నరా అని. మా దగ్గర జవాబు లేకుండె. అప్పటి నుంచి సినిమా మళ్ల చూసినప్పుడు మేము లక్ష్మి మోకాళ్లు కాదు, కండ్లు చూస్తున్నం. తన చేతి చాయ దొర తాగుతడా తాగడా అని ఎదురుచూసే ఆ చూపు. తిండి దగ్గర కులం ఎట్ల కూర్చుంటదో ఆ ఒక్క చూపులో ఉన్నది.

కిష్టయ్య వేసిన సాధు మెహర్ ఒడిశా మనిషి. నోట్లో మాట లేని పాత్ర. ఈత చెట్టు మీది కల్లు దొంగతనం చేసిండని గుండు గీసి గాడిద మీద ఊరంతా తిప్పుతరు. ఆ సీను దగ్గర ఏ ఊర్లనైనా పెద్దమనుషులు గొణుగుడు మొదలు పెడతరు: మా ఊర్ల ఫలానోని తాతను గిట్లనే చేసిన్రు అని. సినిమా కొంచెంసేపు ఎవ్వరికీ వినపడదు. మేము ఆపి కూడా చూసినం. ఇద్దరికీ, షబానాకూ సాధు మెహర్‌కూ, జాతీయ ఉత్తమ నటుల అవార్డులు వచ్చినయి.

ఇగ భాష. ఇక్కడ మాలో మాకే పంచాయితీ ఉన్నది, దాచిపెట్టం. లక్ష్మి, కిష్టయ్య తెలంగాణ పల్లె మనుషులు. ఇంట్లో మాట్లాడేది తెలుగే అయి ఉండాలె. సినిమాలో వినపడేది దక్కనీ హిందీ. మన కథను మన భాషలో ఎందుకు తీయలేదు అని మాలో సగం మంది అడుగుతరు. న్యాయమైన ప్రశ్నే. మిగిలిన సగం మందిమి ఇట్ల చెప్తం. 1974లో తెలుగు సినిమా మద్రాసులో ఉండె. తెర మీది తెలుగు ఏ జిల్లాల తెలుగో వేరే చెప్పనక్కర లేదు. మన మాట తెర మీదికి వచ్చిందంటే నవ్వించే జీతగాని నోట్లనో, రౌడీ నోట్లనో వచ్చేది. హిందీ సినిమాల్లో దక్కనీ గతీ అదే. ‘నక్కో’ అన్నోడు, ‘కైకు’ అన్నోడు కమెడియనే. మన గడ్డ మీది రెండు భాషలకూ రెండు చోట్లా నవ్వులాటే. అసుంటి దక్కనీని తీసుకపోయి లక్ష్మి నోట్లో పెట్టిండు బెనెగల్. ఆఖర్న కొరడా దెబ్బలు తిన్న మొగణ్ని పట్టుకొని దొర ఇంటి ముందర ఆమె శాపనార్థాలు పెట్టేది ఆ భాషలోనే. ఆ సీనుకు ఏ టాకీసులోనైనా ఎవరైనా నవ్విన్రా? ఎక్కడా నవ్వగా మేము చూడలేదు.

మాటలు రాసింది సత్యదేవ్ దూబే, బొంబాయి నాటకాల మనిషి. ఆ మాటలకు హైదరాబాద్ రుచి ఊకనే రాలేదు. షబానా తల్లి షౌకత్ హైదరాబాద్ ఆడబిడ్డ, ఆ పలుకు ఇంట్లో చెవిన పడ్డదే. దొర తండ్రిగా వేసిన ఖాదర్ అలీ బేగ్ ఇక్కడి నాటకరంగానికి పెద్ద దిక్కు. బొంబాయి నుంచి వచ్చిన నటుల మధ్యన ఇసుంటోళ్లను కూర్చోబెడితే ఉచ్చారణ దానంతట అదే సర్దుకుంటదని దర్శకునికి తెలుసు. తర్వాత ‘మండీ’లో, 2010లో వచ్చిన ‘వెల్ డన్ అబ్బా’లో కూడా ఆయన ఈ భాషను ఇడిచిపెట్టలేదు. ‘వెల్ డన్ అబ్బా’కు మూలాల్లో ఒకటి మన జీలానీ బానో కథ ‘నర్సయ్య బావి’. మాయమైన బావి కథ అది, ఎమ్మార్వో ఆఫీసుల చుట్టూ తిరిగినోళ్లకు వేరే చెప్పాల్సిన పని లేదు. తెలుగులోనైతే 2023లో ‘బలగం’ వచ్చినప్పుడు ఊర్లల్లో తెరలు కట్టుకొని చూసిన్రు. మన మాట తెర మీద ఏడ్వొచ్చు, ఏడ్పించొచ్చు అని పరిశ్రమకు తెలియడానికి ఎన్నేండ్లు పట్టిందో 1974 నుంచి లెక్క పెట్టుకోండి.

స్థలం గురించి ఒక్క మాట. సెట్లు వేయలేదు. హైదరాబాద్ చుట్టుపక్కలనే నిజమైన ఇల్లు, నిజమైన పొలం, నిజమైన బండలు. మన రాతిగుట్టల మీద పడే ఎండ ఎంత తెల్లగ ఉంటదో నిహలానీ కెమెరా పట్టుకున్నంతగా అంతకు ముందు ఎవరూ పట్టలేదని మా అభిప్రాయం. ఇందులో మా ఊరి మీది ప్రేమ కూడా కలిసి ఉండొచ్చు.

ఇంకో పంచాయితీ. ఇది పెద్దది. మాలో ఎర్రజెండా నీడలో పెరిగినోళ్లు మొదటిసారి చూసినప్పుడు కోపానికి వచ్చిన్రు. ఇన్ని వేల మంది దొరలకు ఎదురు తిరిగి, ప్రాణాలిచ్చి, భూములు పంచుకున్న గడ్డ మీద సినిమా తీసి, సంగం ఊసే లేకుండ, ఒక ఆడామె తిట్టుడు, ఒక పిల్లగాడు రాయి విసురుడుతో ముగిస్తడా? సంగం ఏది? 1979లో గౌతమ్ ఘోష్ ‘మా భూమి’ తీసినప్పుడు, మన నర్సింగరావు నిర్మాతగా, మన గద్దర్ గొంతుతో, అందులో సంగం ఉన్నది, దళం ఉన్నది. అదీ సినిమా అన్నరు. మేము కాదనం. ‘మా భూమి’ లేకుంటే మాలో సగం మంది ఈ హాల్లో ఉండకపోదుము.

అయితే బెనెగల్ ఎక్కడ నిలబడి చూసిండో కూడా చూడాలె. ఆయన కూలి బిడ్డ కాదు, దొర కొడుకూ కాదు. కంటోన్మెంటులో పెరిగిన చదువుకున్న ఇంటి పిల్లగాడు. లక్ష్మి గుడిసె లోపల ఏం జరిగిందో తనకు తెలుసని ఆయన నటించలేదు. తనకు తెలిసినోడు సూర్య. పాటల రికార్డులు వినేటోడు, కులం పట్టింపు లేదని చెప్పుకునేటోడు, లక్ష్మి చేతి వంట తినేటోడు. మొదట్లో మనకు వాడంటే ఇష్టమే కలుగుతది. ఆధునికుడు గదా! తండ్రి ఉంచుకున్న కౌసల్య పొలానికి నీళ్లు బంద్ చేసినప్పుడు కొంచెం ఉలిక్కిపడతం. లక్ష్మికి నెల తప్పిందని తెలిసినంక వాని ముఖం మారుతది. ఆఖరికి కిష్టయ్య తిరిగొచ్చి, పెండ్లాం కడుపుతో ఉన్నదని సంబరపడి, పని అడుగుదామని కట్టె పట్టుకొని వస్తుంటే, వాడు తనను కొట్టడానికే వస్తున్నడని భయపడి కొరడా తీస్తడు. తప్పు చేసినోని భయమే కొరడా అయితది. దొరతనం వారసత్వంగా ఎట్ల దిగుతదో, చదువుకున్నోని లోపలికి కూడా ఎట్ల దిగుతదో చూపించిన సినిమా ఇది. మాలో ఉద్యోగాలొచ్చి, ఊర్ల పొలం కౌలుకిచ్చి, పట్నంలో ఉంటున్నోళ్లం ఉన్నం. సూర్యను చూసి మాకు కూర్చునుడు కష్టమైతది. తిట్టుకోవడానికి ‘మా భూమి’ దొర సులువు.

ఇగ ఆ రాయి. ఒక ఊర్ల సినిమా అయినంక అందరూ లేచి పోతుంటే ఒక ముసలామె మాత్రం కూర్చొని ఉన్నది. మా దిక్కు చూసి అడిగింది, తెల్లారి ఆ పోరని ఇంటికి ఏమైంది బిడ్డా అని. మేము సినిమా అక్కడికే అయిపోయిందమ్మా అన్నం. గట్లెట్ల అయిపోతది, తెల్లారదా అన్నది. ముందు వరుసలో పెద్దలు చప్పట్లు ఎందుకు కొట్టరో మాకు ఆ రోజు తెలిసింది. రాయి విసిరిన తెల్లారి ఏమైతదో వాళ్లు చూసి ఉన్నరు.

తెల్లారి ముచ్చట బెనెగల్‌ను కూడా ఇడిచిపెట్టలేదని మాకనిపిస్తది. మరుసటి ఏడాది, 1975లో, ‘నిశాంత్’ తీసిండు. విజయ్ టెండూల్కర్ రచన. కాలం 1945. బడిపంతులు పెండ్లాన్ని గడీ వాళ్లు ఎత్తుకపోతరు. ఊరు ఊరంతా ఊకుంటది. ఆఖరికి లేస్తది. లేచినంక ఆ కోపం ఎవరెవరి మీద పడతదో చూస్తే చప్పట్లు కొట్టేటోళ్లు కూడా ఆగిపోతరు. ఆ ముసలామెకు ఆ సినిమా చూపిద్దామని మళ్ల ఆ ఊరికి పోయినం. అప్పటికే ఆమె లేదు.

చాయ వచ్చింది. పది నిమిషాలు తాగి రండి. ‘నిశాంత్’ డిస్కు వెంట తెచ్చినం, ఉండగలిగినోళ్లు ఉండండి. ఆఖరి బస్సు తొమ్మిదిన్నరకు, ఊర్లకు పోయే పిల్లలు టైము చూసుకోండి.